మొదటి డ్రైవింగ్ టెస్టు: ముందు చూపు, ఆ తర్వాతే స్టీరింగ్

డ్రైవింగ్ టెస్టు దగ్గర పడుతోందంటే చాలామందికి గేర్లు, క్లచ్, పార్కింగ్ గురించే టెన్షన్. అవి రావాలి, కాదనను. కానీ పక్క సీట్లో కూర్చున్న ఎగ్జామినర్ ముఖ్యంగా గమనించేది వేరే ఉంటుంది. బండి కదిలించే ముందు మీరు ఎటు చూశారు? మలుపు దగ్గర తల తిప్పారా? ఎదుటి బండి ఏం చేయబోతోందో మీకు ముందే తట్టిందా? చాలా రోజులుగా బండి నడుపుతున్నవాళ్ళు కూడా టెస్టులో తప్పేది ఇక్కడే. అందుకే మీ ప్రాక్టీసులో పెద్ద వాటా చూపుకి ఇవ్వండి. ఎక్కడ మొదలుపెట్టాలో, దేని తర్వాత ఏది చేయాలో వరసగా చెబుతాను.

ముందు టెస్టు గురించి పూర్తిగా తెలుసుకోండి

టెస్టు అన్ని చోట్లా ఒకేలా ఉండదు. మామూలుగా ముందు రూల్స్ మీద రాత పరీక్షో కంప్యూటర్ పరీక్షో పెడతారు, ఆ తర్వాత బండి నడిపిస్తారు. కొన్ని చోట్ల మైదానంలో గీసిన ట్రాక్ మీద, కొన్ని చోట్ల ట్రాఫిక్ ఉన్న రోడ్డు మీద, కొన్ని చోట్ల రెండూ. మీరు టెస్టు ఇచ్చే చోట ఏయే విన్యాసాలు అడుగుతారు, బండి ఎవరిది తేవాలి, ఏ తప్పు చేస్తే అక్కడికక్కడే ఫెయిల్ చేస్తారు అన్నవి అధికారిక సమాచారం చూసి రాసుకోండి. వాళ్ళూ వీళ్ళూ చెప్పింది నమ్ముకోవద్దు. వాళ్ళు టెస్టు ఇచ్చి ఏళ్ళయి ఉండొచ్చు, ఈలోగా రూల్స్ మారి ఉండొచ్చు.

ఆటోమేటిక్ కారు మీద టెస్టు ఇవ్వాలనుకుంటే ఒక్క విషయం తేల్చుకోండి. చాలా దేశాల్లో ఆటోమేటిక్ మీద పాసైతే గేర్లున్న బండి నడపడానికి ఆ లైసెన్సు చెల్లదు.

కాగితాల పని స్లాట్ బుక్ చేసుకునే ముందే ముగించండి. అన్ని కాగితాల్లో పేరు స్పెల్లింగ్, పుట్టిన తేదీ ఒకేలా ఉన్నాయా? లెర్నర్ లైసెన్సు గడువు టెస్టు తేదీ దాకా ఉందా? బండికి ఇన్సూరెన్సు ఉందా? బండి చుట్టూ ఒకసారి తిరిగి ఇండికేటర్లు, బ్రేకు లైట్లు, హారన్, వైపర్లు పనిచేస్తున్నాయో చూడండి. బ్రేకు లైటు వెలగని బండి తెస్తే టెస్టు పెట్టకుండానే వెనక్కి పంపొచ్చు.

రూల్స్ చదివేటప్పుడు కారణంతో సహా చదవండి

ప్రశ్నలు, జవాబులు బట్టీ పట్టి రాత పరీక్ష గట్టెక్కొచ్చు. కానీ అదే రూలు రోడ్డు మీద ఎదురైతే గుర్తుకురాదు. గుర్తుల్నే తీసుకోండి. 1968లో వియన్నాలో కుదిరిన అంతర్జాతీయ ఒప్పందం వల్ల చాలా దేశాల్లో రోడ్డు గుర్తులు దాదాపు ఒకే పద్ధతిలో ఉంటాయి. ఎర్ర అంచున్న త్రికోణం హెచ్చరిక. ఎర్ర అంచున్న వృత్తం 'ఇది చేయకూడదు' అంటుంది. నీలం వృత్తం 'ఇది తప్పకుండా చేయాలి' అంటుంది. కొన్ని దేశాల్లో హెచ్చరికలకు పసుపు రంగు వాడతారు, కాబట్టి మీ దగ్గరి పుస్తకమే మీకు ప్రమాణం. ఆగమని చెప్పే గుర్తుకు ఎనిమిది భుజాలు, దారివ్వమని చెప్పే గుర్తుకు తలకిందుల త్రికోణం ఎందుకంటే, దుమ్ము పట్టి అక్షరాలు కనపడకపోయినా, ఆ బోర్డు వెనక వైపు నుంచి చూస్తున్నా, ఆకారాన్ని బట్టి పోల్చుకోవచ్చు. అంటే ఎదురుగా వచ్చేవాడు ఆగాలా వద్దా అన్నది కూడా మీకు తెలుస్తుంది. ఈ సంగతి తెలిశాక ఆ గుర్తు మర్చిపోవడం కష్టం.

బస్సులోనో ఎవరి కారులోనో వెళ్తున్నప్పుడు ఫోన్ పక్కన పెట్టి రోడ్డు చూడండి. కనిపించిన ప్రతి గుర్తుకూ అర్థం చెప్పుకోండి, ఇప్పుడు డ్రైవర్ ఏం చేయాలో మనసులో అనుకోండి. ఖర్చు లేని ప్రాక్టీసు ఇది.

సీటు, అద్దాలు, బెల్టు

బండి ఎక్కగానే చేసే ఈ సర్దుబాట్ల దగ్గరే ఎగ్జామినర్‌కి మీ మీద ఒక అభిప్రాయం ఏర్పడుతుంది. క్లచ్ పూర్తిగా నొక్కినప్పుడు కూడా మోకాలు కొంచెం వంగి ఉండేలా సీటు జరుపుకోండి. వీపు సీటుకు ఆనించి చెయ్యి చాపితే మణికట్టు స్టీరింగ్ పైఅంచు మీద ఆనాలి. హెడ్‌రెస్ట్ పైభాగం మీ నడినెత్తికి సమంగా ఉండాలి, మెడ దగ్గర కాదు. లోపలి అద్దంలో వెనక అద్దం మొత్తం కనిపించాలి. పక్క అద్దాల్లో మీ కారు ఒక సన్నటి చారలా కనిపిస్తే చాలు, మిగతాదంతా రోడ్డే ఉండాలి. బెల్టు కింది పట్టీ పొట్ట మీద కాకుండా తుంటి ఎముకల మీదుగా రావాలి.

ఇవన్నీ ఎప్పుడూ ఒకే వరసలో చేయండి: సీటు, అద్దాలు, బెల్టు, న్యూట్రల్, ఆ తర్వాతే ఇంజిన్. టెస్టు రోజు బుర్ర పనిచేయకపోయినా చేతులు వాటంతటవే ఆ వరస పట్టుకుంటాయి.

క్లచ్‌తో స్నేహం

కొత్తవాళ్ళకు ఇంజిన్ ఆగిపోయేది ఎక్కువగా ఒకే కారణంతో: క్లచ్ పట్టుకునే చోటు పాదానికి ఇంకా తెలియలేదు. ఆ చోటు కనుక్కోవడానికి మనుషులూ బండ్లూ లేని చదునైన ఖాళీ స్థలానికి వెళ్ళండి. మొదటి గేరు వేసి, హ్యాండ్‌బ్రేక్ తీసి, యాక్సిలరేటర్ ముట్టుకోకుండా క్లచ్ మెల్లగా వదలండి. ఒక దగ్గర ఇంజిన్ శబ్దం కాస్త బొంగురుపోతుంది, బండి ముందుభాగం కొద్దిగా పైకి లేచినట్టు అనిపిస్తుంది. పట్టుకునే చోటు అదే. పాదం అక్కడే ఆపండి. బండి నడక వేగంతో కదులుతుంది. మళ్ళీ క్లచ్ నొక్కి, బ్రేకు వేసి ఆపండి. ఇదే పని మళ్ళీ మళ్ళీ చేయండి, ఆలోచించకుండానే పాదం అక్కడ ఆగేదాకా. మడమ నేల మీద ఆనించి ఉంచితే పాదం వణకదు.

చిన్న పెట్రోలు ఇంజిన్లకు ఒక్కోసారి కొంచెం యాక్సిలరేటర్ ఇవ్వాల్సి వస్తుంది. డీజిల్ బండ్లు తక్కువ వేగంలోనే బలంగా లాగుతాయి కాబట్టి వాటికి సాధారణంగా అక్కర్లేదు. అందుకే ఒక బండి మీద నేర్చుకుని ఇంకో బండి మీద టెస్టు ఇవ్వొద్దు. తప్పదంటే, ఆ బండి మీద టెస్టుకి ముందు తగినంతసేపు నడిపి చూసుకోండి.

ఎత్తు మీద బండి కదిలించడం దీనికి కొనసాగింపే. హ్యాండ్‌బ్రేక్ వేసి ఉండగానే క్లచ్ పట్టుకునే చోటికి తెచ్చి, కాస్త యాక్సిలరేటర్ ఇచ్చి, బండి ముందుకు పోదామని లాగుతున్నట్టు అనిపించాకే హ్యాండ్‌బ్రేక్ వదలండి. తొందరపడి ముందే వదిలితే బండి వెనక్కి జారుతుంది. వెనక మనిషో బండో ఉంటే అది పెద్ద తప్పు. కొత్త కార్లు కొన్నింటిలో ఎత్తు మీద బండిని కొన్ని క్షణాలు అదే పట్టి ఉంచుతుంది. ఆ సదుపాయం లేకుండా కూడా చేయడం వచ్చి ఉండాలి.

టెస్టులో ఇంజిన్ ఆగిపోతే గాభరా పడకండి. చాలా చోట్ల ఒకసారి ఆగినంత మాత్రాన ఫెయిల్ చేయరు. బ్రేకు, న్యూట్రల్, స్టార్ట్, గేరు. ఆ తర్వాత చాలామంది మర్చిపోయేది: కదిలే ముందు మళ్ళీ చుట్టూ చూడడం. మీరు ఆగిన ఆ కొద్ది క్షణాల్లో పక్కకి ఎవరైనా వచ్చి ఉండొచ్చు.

ట్రాక్, రివర్స్, పార్కింగ్

గీత తొక్కేవాళ్ళలో ఎక్కువమంది ముందు చక్రం మీద దృష్టి పెట్టి వెనక చక్రాన్ని మర్చిపోతారు. మలుపు తిరిగేటప్పుడు వెనక చక్రాలు ముందు చక్రాల దారిలో రావు, ఇంకా లోపలికి కోసుకుంటూ వస్తాయి. పెద్ద లారీ ఇరుకు మలుపు తిరిగేటప్పుడు ముందు బయటికి వెళ్ళి ఆ తర్వాత తిరగడం చూసే ఉంటారు, కారణం ఇదే. కాబట్టి 8 ఆకారంలో ముందుకు వెళ్ళేటప్పుడు లోపలి గీతకు దూరంగా, బయటి గీతకు దగ్గరగా ఉండండి. రివర్స్‌లో వ్యవహారం తిరగబడుతుంది. వెనక భాగం స్టీరింగ్ తిప్పిన వైపుకే వెళ్తుంది కానీ ముందు మూల ఎదుటి వైపుకు విసురుగా పోతుంది. వెనక్కి చూస్తూనే మధ్యమధ్యలో ముందు మూల మీద ఒక కన్నేయాలి.

రెండు కార్ల మధ్య పార్కింగ్‌కి: ముందున్న కారు పక్కన సుమారు మీటరు ఎడం ఉంచి, రెండు కార్ల వెనక బంపర్లు ఒకే వరసలోకి వచ్చేలా ఆపండి. చుట్టూ చూసి, రోడ్డు అంచు వైపు స్టీరింగ్ పూర్తిగా తిప్పి, క్లచ్ మీద మెల్లగా వెనక్కి రండి. కారు దాదాపు 45 డిగ్రీల ఏటవాలుకి వచ్చాక స్టీరింగ్ సూటిగా చేసి ఇంకొంచెం వెనక్కి. మీ ముందు మూల పక్క కారు వెనక బంపరుని దాటగానే స్టీరింగ్ అవతలి వైపుకి పూర్తిగా తిప్పితే కారు లోపలికి సర్దుకుంటుంది. వంకరగా వస్తోందనిపిస్తే ఆగి, ముందుకి వచ్చి సరిచేసుకోండి. సరిచేసుకోవడాన్ని చాలా చోట్ల ఒప్పుకుంటారు. చూడకుండా వెనక్కి రావడాన్ని ఎక్కడా ఒప్పుకోరు.

'ఈ కిటికీ మూలలో ఆ స్తంభం కనపడగానే ఒక చుట్టు తిప్పు' లాంటి చిట్కాలు మొదట్లో సాయం చేస్తాయి. కానీ సీటు రెండు అంగుళాలు జరిగినా, కారు మారినా ఆ చిట్కా పోతుంది. బండి ఎటు ఎందుకు తిరుగుతోందో కంటికి అర్థమయ్యేదాకా నెమ్మదిగా చేయడమే దారి. వేగం ఎంత తగ్గితే ఆలోచించడానికి అంత టైం దొరుకుతుంది.

ఇప్పుడు అసలు సంగతి: చూపు

ఒక చిన్న ప్రయోగం చేయండి. ఆపి ఉన్న కారులో డ్రైవర్ సీట్లో కూర్చుని, ఇంట్లోవాళ్ళెవరినైనా కారు వెనక నుంచి పక్కగా మెల్లగా నడిచి రమ్మనండి. మీరు అద్దాల్లో మాత్రమే చూడండి. మొదట లోపలి అద్దంలో కనిపిస్తారు, తర్వాత పక్క అద్దంలోకి వస్తారు. ఆ తర్వాత ఒక చోట ఏ అద్దంలోనూ ఉండరు, కానీ మీ వెనక తలుపు పక్కనే ఉంటారు. చేయి చాపితే అందేంత దూరంలో. మీ భుజం మీదుగా తల తిప్పి చూస్తేనే కనిపిస్తారు. ఒక మోటార్ సైకిల్ మొత్తం ఆ ఖాళీలో దాక్కుంటుంది. ఇది ఒక్కసారి కళ్ళారా చూశాక, లేన్ మారేముందు తల తిప్పమని మీకు ఎవరూ చెప్పక్కర్లేదు.

విండ్‌షీల్డ్‌కి రెండు పక్కలా ఉండే స్తంభాలూ అంతే. అడ్డరోడ్డులోకి వచ్చేటప్పుడు ఒక సైకిలో, రోడ్డు దాటుతున్న మనిషో సరిగ్గా ఆ స్తంభం వెనక ఉండిపోవచ్చు. కూర్చున్న చోటి నుంచే తల కాస్త ముందుకీ పక్కకీ వంచి చూడండి. రెండు వైపులా చూశాక, మొదట చూసిన వైపు మళ్ళీ చూడండి. మీరు అవతలికి చూస్తున్నంతసేపూ ఇవతలి రోడ్డు ఖాళీగా ఉండిపోదు.

వేగం మార్చినా దిశ మార్చినా వరస ఒక్కటే: అద్దం, ఇండికేటర్, భుజం మీదుగా చూపు, ఆ తర్వాత స్టీరింగో బ్రేకో. ఇండికేటర్ వేయడమంటే అనుమతి దొరికినట్టు కాదు, మీ ఉద్దేశం చెప్పినట్టు మాత్రమే. వేసి, వెనకవాళ్ళకు అర్థం కావడానికి కొన్ని క్షణాలు ఇవ్వాలి. పని అయ్యాక అది ఆరిందో లేదో చూసుకోవాలి.

ఈ అలవాటు రావడానికి నాకు తెలిసిన మంచి పద్ధతి, నడుపుతూ పైకి మాట్లాడడం. 'ముందు బస్సు ఆగింది, దాని ముందు నుంచి ఎవరైనా దాటొచ్చు, వేగం తగ్గిస్తున్నా. అద్దంలో బైకు ఉంది, దగ్గరగా వస్తోంది. సిగ్నల్ చాలాసేపటి నుంచి పచ్చగా ఉంది, మారొచ్చు.' మొదట్లో మాట తడబడుతుంది, చెప్పేలోపే బండి దాటిపోతుంది. కొన్నాళ్ళకు కళ్ళు ఇంకా దూరంగా చూడడం మొదలుపెడతాయి, ఎందుకంటే చెప్పడానికి టైం కావాలి కదా. బానెట్ ముందు రోడ్డు చూసే కొత్త డ్రైవర్‌కీ, వంద అడుగుల అవతల చూసే డ్రైవర్‌కీ బండి కదలికలోనే తేడా తెలుస్తుంది. రెండోవాళ్ళకు సడన్ బ్రేకులు అరుదు.

వేగం, దూరం

లెక్క తేలిక. గంటకు 36 కిలోమీటర్ల వేగమంటే సెకనుకు 10 మీటర్లు. 72 అంటే 20 మీటర్లు. ప్రమాదం గమనించి కాలు బ్రేకు మీదికి వెళ్ళడానికి సుమారు ఒక సెకను పడుతుందనుకుంటే, బ్రేకు పట్టేలోపే అంత దూరం పోయారన్నమాట. పైగా వేగం రెండింతలైతే బ్రేకు వేశాక బండి ఆగే దూరం దాదాపు నాలుగింతలవుతుంది. అందుకే ముందు బండికి కనీసం 2 సెకన్ల ఎడం, తడి రోడ్డు మీద 4 సెకన్లు. ముందు బండి ఒక స్తంభాన్ని దాటగానే లెక్క మొదలుపెట్టండి. మీరు ఆ స్తంభం దగ్గరికి వచ్చేసరికి 2 సెకన్లు నిండకపోతే వెనక్కి తగ్గాలి.

భయంతో మరీ నెమ్మదిగా నడిపినా టెస్టులో తప్పే. రోడ్డు ఖాళీగా ఉండి, పరిమితి 50 ఉన్న చోట 25లో ఈడ్చుకుంటూ పోతే ఇంకా ధైర్యం రాలేదనే అర్థం చేసుకుంటారు.

ఆగాలన్న గుర్తు దగ్గర మాత్రం చక్రాలు పూర్తిగా ఆగాలి. దాదాపు ఆగినట్టు పాకించడాన్ని చాలా చోట్ల పెద్ద తప్పుగా లెక్కిస్తారు. బండి ఒకసారి ముందుకు ఊగి వెనక్కి సర్దుకున్నట్టు అనిపిస్తే నిజంగా ఆగినట్టు.

ట్రైనర్ కాళ్ళు ఎక్కడున్నాయి?

డ్రైవింగ్ స్కూలు కార్లలో ట్రైనర్ కాళ్ళ దగ్గర కూడా బ్రేకు ఉంటుంది, చాలా వాటిలో క్లచ్ కూడా ఉంటుంది. ఆయన మీకు తెలియకుండానే కొంచెం క్లచ్ నొక్కి, కొంచెం బ్రేకు వేసి బండిని నెట్టుకొస్తుంటే, మీకు బాగా వచ్చేసిందని మీరు అనుకుంటారు. చివరి క్లాసుల్లో ఆయన్ని మర్యాదగా అడగండి: 'సార్, ప్రమాదం అనిపిస్తే తప్ప ఈరోజు పెడల్స్ ముట్టుకోకండి. ముట్టుకుంటే ఎక్కడ ముట్టుకున్నారో చెప్పండి.' ఏం నేర్చుకోవాలో ఆ ఒక్క క్లాసులో తేలిపోతుంది.

తర్వాత ఒక నమూనా టెస్టు పెట్టించుకోండి. ట్రైనర్ కానీ, లైసెన్సు ఉండి అనుభవమున్న మరొకరు కానీ పక్కన కూర్చుని దారి మాత్రమే చెప్పాలి. సలహాలివ్వకూడదు, మెచ్చుకోకూడదు, చిరాకు పడకూడదు. తప్పులు కాగితం మీద రాసుకుని చివర్లో చూపించాలి. మీకు తెలియని రోడ్డు అయితే ఇంకా మంచిది. మీరు ఎక్కువగా పగలే నేర్చుకుని ఉంటే ఒకసారి సాయంత్రం, ఒకసారి వానలో కూడా నడిపి చూడండి. వైపర్, లైట్ల స్విచ్‌లు వెతుక్కోకుండా చేతికి అందాలి.

ముందు రోజు, టెస్టు రోజు

ముందు రోజు కొత్తది ఏదీ నేర్చుకోవద్దు. కాగితాలు ఒక కవర్లో పెట్టుకుని, కళ్ళద్దాలు వాడేవాళ్ళు అవీ దగ్గర ఉంచుకుని నిద్రపోండి. జలుబు మాత్రల్లో కొన్ని మగతనిస్తాయి, అట్ట మీద రాసి ఉంటుంది, చదవకుండా వేసుకోవద్దు. అడుగు పలచగా ఉన్న బూట్లు వేసుకోండి, ప్రాక్టీసులో వేసుకున్నవే అయితే సరి. మందపాటి సోల్ ఉంటే క్లచ్ పట్టుకునే చోటు పాదానికి తెలియదు. వీలైతే టెస్టుకి ముందు అరగంట బండి నడిపి వెళ్ళండి.

బండిలో ఎగ్జామినర్ చెప్పింది అర్థం కాకపోతే మళ్ళీ అడగండి, అందులో తప్పేం లేదు. ఆయన ఎడమకి అంటే మీరు కుడికి ఇండికేటర్ వేసేశారనుకోండి. రోడ్డు మధ్యలో హడావిడిగా మార్చే బదులు సురక్షితంగా కుడికే తిరగండి. దారి తప్పడం కన్నా వెనకవాళ్ళని మోసం చేసేలా తిరగడం పెద్ద తప్పు. ఆయన మాట్లాడకపోవడాన్ని కోపంగా తీసుకోకండి, అది ఆయన పని చేసే తీరు. మధ్యలో కాగితం మీద ఏదో రాశారనిపిస్తే ఆ సంగతి అక్కడే వదిలేయండి. జరిగిన తప్పు గురించి ఆలోచిస్తూ ఉంటే ముందున్న క్రాసింగ్ కనపడదు. చేతులు బిగుసుకుపోతుంటే ఎర్ర సిగ్నల్ దగ్గర ఆగినప్పుడు ఊపిరి నెమ్మదిగా, పూర్తిగా వదలండి, వేళ్ళు కాస్త సడలించండి.

పాసవ్వకపోతే, దిగే ముందే ఎక్కడెక్కడ తప్పు జరిగిందో అడిగి తెలుసుకోండి. ఆ సాయంత్రమే, గుర్తున్నప్పుడే, ఏ రోడ్డు మీద, ఏ మలుపులో, మీరు ఏం చూశారు, ఏం చూడలేదు అన్నది రాసి పెట్టుకోండి. తర్వాతి ప్రాక్టీసు మొదటి గంట ఆ మలుపుకే కేటాయించండి, పక్కన లైసెన్సు ఉన్నవాళ్ళని కూర్చోబెట్టుకుని.